తుపాకి మరబిరడా

తుపాకిని చూచువారి కన్ను మొదట దాని మూతిమీఁదికిఁ బోవును. గుండు వెడలునది అచ్చటినుండియే గదా! పిదప మీట, నిప్పంటించు యంత్రము, కొయ్యమీఁది నగిషీపని కానవచ్చును. గొట్టము వెనుకటి కొనలో, ఇంచుమించు కొయ్యచాటున, బొటనవ్రేలంత యినుపబిరడా యొకటి మరచుట్లతో బిగింపఁబడి యున్నదని యెఱిఁగినవారు కొలఁదిమంది. మూతినుండి మందు కూరి కాల్చెడి పాతతుపాకులకు ఆ బిరడాయే ఆధారము. అది వదులైనచో కాల్చువాని కన్ను పోవును. త్రుప్పుపట్టి కఱచుకొన్నచో తుపాకియే పోవును. దానిని విప్పుట, కడుగుట, మఱల బిగించుట యొక చిన్నవిద్య. ఆ విద్య తెలియక, కత్తులు చేయుటలో నెన్నఁదగిన జపాను కమ్మరులు 1543వ సంవత్సరమున తడఁబడి నిలిచిపోయిరి. దానికై యొక కమ్మరి తన కూఁతునే పరదేశి కిచ్చెనని యిప్పటికిని చెప్పుకొందురు. ఆ కథ యెంతవఱకు నమ్మఁదగినదో తేల్చుకొనుటకు ముందు, బిరడా యేమిటో, దాని పోషణ మేమిటో తెలిసికొనవలెను. కథలు చెప్పువారు సాధారణముగా ఈ మొదటి పనిని విడిచిపెట్టుదురు.

తుపాకిమందనఁగా సూరేకారము, బొగ్గు, గంధకము కలిపి నూఱిన నల్లని పొడి. తరువాతి కాలమున స్థిరపడిన పాళ్లు నూటికి సూరేకారము 75, బొగ్గు 15, గంధకము 10. ఇది మండినప్పుడు అంతయు గాలియై పోవునని మనము తలఁతుము. నిజమున కట్లు కాదు. తూకములో సగముకంటె నెక్కువ భాగము ఘనపదార్థముగనే మిగులును. అందుఁ గొంత తెల్లని పొగయై వెలికిఁ బోవును. కొంత గొట్టము లోపల మసియై యంటుకొనును. ఆ మసిలోని లవణములు గాలియందలి చెమ్మను పీల్చుకొనును. చెమ్మ పీల్చిన మసి యినుమును తినును. వానకాలమున సాయంతనము కాల్చి, కడుగక మూల నిలిపిన తుపాకి తెల్లవాఱునప్పటికే లోపల ఎఱ్ఱవాఱుట కలదు.

ఈ మసి విశేషముగాఁ జేరునది మందు మండెడి చోట, అనఁగా వెనుకటి కొనయందు. ప్రక్కనుండి నిప్పు లోనికిఁ బోవు సన్నని రంజకపు రంధ్రము కూడ నచ్చటనే యుండును. మూతినుండి కడ్డీకి గుడ్డచుట్టి త్రోసినచో మసి కొంత గుడ్డ కంటుకొని వచ్చును, కొంత అడుగునకే నెట్టుకొనిపోవును. ఇఱుకుమూతి కుండలో అడుగంటిన మాడును పైనుండి పుల్లతో గోఁకిన గృహిణికి ఈ చిక్కు వేఱుగఁ జెప్పనక్కఱలేదు. అందును, లోపల మెలికల గాడులు గల రైఫిలు తుపాకులలో చిక్కు రెండింతలు. గాడులలో మసి నిలుచును. మూతినుండి మాటిమాటికిఁ గడ్డీ త్రోయుటవలన మూతివద్ద గాడులు అరిగి గుఱి చెడును. కుండకు అడుగును విప్పఁగల యుపాయ మున్నచో నెంత మేలు!

అడుగు విప్పఁగలదై యుండవలెను. మందు ప్రేలినప్పు డొక వెండ్రుకవాసియైనఁ గదలరాదు. ఈ రెండు కోరికలు ఒకదాని కొకటి విరుద్ధములు. అడుగును కాల్చి అతికివేసినచో గట్టిగా నుండును గాని, అంటుకొనక నిలిచిపోయిన మందును వెనుకనుండి తీయుటకు వీలులేదు. గొట్టము రెండుకొనల తెఱపినుండి చూచి లోపలి వంకరను సరిచేయుటకును వీలులేదు. ఉత్త మేకువలె కొట్టి దిగఁగొట్టినచో తీయవచ్చును గాని, గుండును ముందునకుఁ ద్రోయు బలమే మేకును వెనుకకుఁ ద్రోయును. జపాను తుపాకికి భుజమున కానించు దిమ్మ లేదు. దానిని చెక్కిలి కానించి కాల్తురు. వదులైన మేకు పోవుట కన్నుగుంటలోనికే.

ఈ విరోధమును తీర్చునది మర యొక్కటియే. ప్రయాణములలో మరచెంబు వెంటఁ గొనిపోయినవారందఱును దాని గుణము నెఱుఁగుదురు. ఎంత లాగినను రాని మూఁత నాలుగు చుట్లు త్రిప్పఁగా వచ్చును. చుట్లలో నెండిన మజ్జిగ నిలిచినచో, లేక మూఁతను వంకరగాఁ బెట్టి బలవంతముగాఁ ద్రిప్పినచో, చెంబు ఇంటివారి నెంత యేడిపించునో కూడ నెఱుఁగుదురు. మరబిరడా విషయమున ఎండిన మజ్జిగకు బదులు మసి. భేద మంతియే.

ఇఁక దానిని విప్పు క్రమము. అన్నిటికంటె ముందు చేయవలసినది బిరడాను తాఁకుట కాదు, గొట్టములో మందు లేదని నిశ్చయించుకొనుట. కడ్డీని మూతినుండి అడుగువఱకు దింపి, మూతియొద్ద గుఱుతు పెట్టి, తీసి, గొట్టము వెలుపల నానించి కొలువవలెను. కడ్డీకొన రంజకపు రంధ్రమువఱకు రాక ముందే నిలిచినచో లోపల ఏదియో యున్నది. తాతలనాఁటి తుపాకు లనేకములు అటకమీఁద మందుతోనే పడియుండును. మంద చ్చట నూఱేండ్లున్నను చచ్చినదని నమ్మరాదు. కఱచుకొన్న బిరడాను వదులు చేయుటకు కొలిమిలోఁ బెట్టువారికి ఈ కొలతయే ప్రాణరక్ష.

పిమ్మట గొట్టమును కొయ్యనుండి వేఱుచేయవలెను. జపాను తుపాకులలో గొట్టము అడ్డముగా దూర్చిన సన్నని చీలలతో కొయ్యకుఁ గట్టఁబడి యుండును. చీలలను మెల్లగాఁ దట్టి తీసినచో గొట్టము పైకి వచ్చును. బిరడాకును గొట్టమునకును కలియుచోట ఒక సన్నని గీఁత గీసికొనుట మంచిది. మఱల బిగించునప్పుడు ఆ గీఁత కలిసినప్పుడే పని పూర్తియైనట్లు; తక్కువైనచో వదులు, మించినచో చుట్లకు చేటు. గొట్టమును మెత్తని కొయ్యపలకల నడుమ నొక్కిపట్టి, బిరడా యొక్క చతురపుతలకు సరిగాఁ బట్టు సాధనముతో ఎడమకుఁ ద్రిప్పవలెను. సరిపడని సాధనము తల మూలలను కొఱికివేయును; మూలలు పోయిన బిరడాను తీయుట పిదప ఎవ్వరితరమును గాదు. రాకున్నచో నూనె పోసి, ఒకటిరెండు దినములు కాదు, వారమైనను వేచియుండవలెను. సమ్మెట యెత్తువాఁడు సాధారణముగా నోపిక లేనివాఁడు గాని బలము గలవాఁడు గాఁడు.

బిరడా వచ్చిన తరువాతి పని తేలిక. గొట్టమున వేఁడినీరు ధారగాఁ బోయవలెను. మసిలోని లవణములు నీటఁ గరఁగును; నూనెతోఁ దుడిచినంతమాత్రమునఁ బోవు. నీరు వేఁడిగా నుండు టెందుకనఁగా, ఇనుము వేఁడెక్కి తనంతటఁ దానే తడియాఱును. పిదప పొడిగుడ్డ, ఆ పిదప నూనె. బిరడామీఁది చుట్లను, గొట్టము లోపలి గాడులను కుంచెతో శుభ్రపఱచి, వానికి పలుచగా కొవ్వు పూయవలెను. కొవ్వు మసిని చొరనీయదు, త్రుప్పును పుట్టనీయదు. మఱల పెట్టునప్పుడు వ్రేళ్లతోనే త్రిప్పవలెను. మొదటి చుట్టు వ్రేళ్లకు లొంగలేదనఁగా వంకరగాఁ బట్టినదని యర్థము. చివరి బిగువు మాత్రమే సాధనముతో. ఒక తుపాకి బిరడాను మఱియొక తుపాకికి పెట్టఁజూచుట పొరపాటు. ఇంగ్లండులో జోసెఫ్ విట్‌వర్తు 1841లో మరచుట్ల కొక సమమానమును ప్రతిపాదించువఱకు ప్రతి బిరడాయు తన గొట్టముతోడనే పుట్టి తన గొట్టముతోడనే యుండెడిది.

విప్పుటయే మంచిదని అందఱును ఒప్పుకొనలేదు. అమెరికా సైన్యమువారి 1863 నమూనా తుపాకికి వ్రాసిన నియమములలో, బిరడాను ఆయుధములు బాగుచేయు పనివాఁడే తీయవలెననియు, దినదినపు శుద్ధికై దానిని తీయనే కూడదనియు నున్నది. తీసినప్పుడెల్ల చుట్లు కొంత అరుగును. ఓపిక లేని సిపాయి చేతిలో ఇంకను త్వరగా నరుగును. లండనులో హెన్రీ నాక్ 1787లో బిరడాలోనే చిన్నగది తొలిచి మందు వేగముగా నంటుకొనునట్లు చేసి పేటెంటు పొందెను. తరువాతి వేఁటతుపాకులలో బిరడాను కొక్కెముతో కొయ్యకుఁ దగిలించి, మర విప్పకయే గొట్టము నెత్తి నీటఁ గడుగు నుపాయము వ్యాపించెను. 1985లో అమెరికాలో టోనీ నైట్ అనునతఁడు రైఫిలు కట్టి, బిరడాను వెనుకనుండి ఇంటివాఁడే తేలికగా విప్పునట్లు చేసెను. నా యభిప్రాయమున ఇందు తగవు లేదు. విప్పుటకై చేసిన బిరడాను విప్పవలెను, విప్పకుండుటకై చేసినదానిని విడువవలెను. జపానువారిది మొదటి తెగ.

జపాను దేశమునకు దక్షిణపు కొసనున్న క్యూషూ దీవికిఁ గ్రిందుగా తనెగషిమా యను చిన్నదీవి గలదు. 1543వ సంవత్సరమున అచ్చటి తీరమునకు ఒక పెద్దయోడ వచ్చి చేరెను. ఓడలోనివారి భాష దీవివారికిఁ దెలియదు. అందున్న చీనా పండితుఁ డొకఁడును, గ్రామాధికారియగు నిషిమురా ఒరిబెయు ఇసుకలోఁ గఱ్ఱతో చీనా యక్షరములు వ్రాసి మాటలాడుకొనిరి. ఓడలో పోర్చుగీసువారు కొందఱు, వారిచేతులలో గొట్టములవంటి వస్తువులు. దీవి ప్రభువు తనెగషిమా తొకితక అప్పటికి పదునాఱేండ్లవాఁడు. వాని గుఱి చూచి యాశ్చర్యపడి, వెల యెంతయని చూడక రెండు తుపాకులను కొనెను. మందు చేయు విధమును నేర్చుకొమ్మని ససకవ కోషిరో యను పరిచారకుని నియమించెను. ఈ వృత్తాంతము మనకుఁ దెలియుట నాన్పో బున్షి యను బౌద్ధ సన్యాసి 1606లో రచించిన ‘తెప్పోకి’, అనఁగా తుపాకి వృత్తాంతము, అను చిన్నగ్రంథమువలన. అది తొకితక కుమారుని కోరికమీఁద వ్రాయఁబడినది గనుక ప్రభువుయొక్క కీర్తి అందుఁ బ్రధానము. పోర్చుగీసు గ్రంథకర్త గాల్వావో ఈ రాకను 1542లోఁ బెట్టెను. ఒక్క యేఁటి భేదముతో మనకుఁ బనిలేదు.

అప్పటికి తుపాకి మన ప్రాంతమునకుఁ గ్రొత్తది కాదు. 1520లో కృష్ణదేవరాయలు రాయచూరు ముట్టడించినప్పుడు క్రిస్తోవావో ద ఫిగురేదొ యను పోర్చుగీసువాఁడు తన తుపాకివాండ్రతోఁ దోడ్పడి, కోటగోడమీఁది కావలివారిని గుఱిచూచి కూల్చెనని నూనిజ్ వ్రాసియున్నాఁడు. నూనిజ్ గుఱ్ఱముల వర్తకుఁడు. అతని కన్ను కాల్చినవానిమీఁద నిలిచినది గాని తుపాకి చేసినవానిమీఁద నిలువలేదు. బున్షి సన్యాసి యయ్యును కమ్మరికొలిమిలోనికి తొంగిచూచెను. అతని గ్రంథమునకు విలువ యిందువలననే.

తొకితక తన కమ్మరులను పిలిచి, ఇట్టివానినే చేయుఁడని యాజ్ఞాపించెను. ఇనుపరేకును కడ్డీచుట్టు చుట్టి, కాల్చి, కొట్టి గొట్టము చేయుట వారికి అసాధ్యము గాలేదు. రూపము చాలవఱకు సరిపోయెను. కాని యడుగు మూయుట యెట్లో తెలియలేదని బున్షి స్పష్టముగా వ్రాసెను. వారు మరనే యెఱుఁగరు. జపానులోని కొయ్యపని, ఇనుపపని యంతయు చీలలతోడను, అతుకులతోడను, మేకులతోడను జరిగినది. మరతో నవసర మెన్నఁడును గలుగలేదు. వెండ్రుకను చీల్చు కత్తికి పదును పెట్టినవారు ఒక బిరడా ముందు నిలిచిపోవుట వింతగాఁ దోఁచును. ఎంత గొప్ప పనివాఁడైనను తాను చూడని యాకారమును చేయలేఁడు. అందును మరచుట్టు ఇతర యాకారములవంటిది కాదు, పైకి గీఁతలవలెఁ గానవచ్చునే గాని చుట్టు చుట్టునకు ముందునకు జరుగుచుండును.

మఱుసటి యేఁడు, 1544లో, పోర్చుగీసు వర్తకులు దీవిలోని కుమనో రేవునకు మఱల వచ్చిరి. వారిలో ఒక కమ్మరి యుండెను. దైవమే పంపెనని సంతసించి, తొకితక యాయిత కిన్బెయ్ కియోసద యను తన కమ్మరిని వానివద్ద అడుగు మూయు విద్య నేర్చుకొమ్మనెను. నెలలు గడచిన పిమ్మట అతనికి అది పట్టుపడెను. ఇచ్చట బున్షి మాటలు గమనింపఁదగినవి. మరకు అతని భాషలో పేరు లేదు గనుక, దానిని చుట్టుచు లోపలికిఁ జొప్పించుట యని యేదో విధముగా వర్ణించి యూరకుండెను. బిరడామీఁది చుట్లను ఆకురాయితోఁ గోసి తీర్చుట కష్టమైనను గ్రహింపవచ్చును. గొట్టము లోపలి గాడులను ఎట్లు తీర్చిరను విషయమున పండితులలో భేదాభిప్రాయములు గలవు. ఎఱ్ఱఁగాఁ గాఁగిన గొట్టమును బిరడా చుట్టును కొట్టి గాడులు పడఁజేసిరని కొందఱు, గట్టి యుక్కు సాధనముతోఁ గోసిరని కొందఱు.

ఏఁడాదికి పైఁబడునప్పటికి ఆ దీవిలో కొన్నిపదుల తుపాకులు తయారైనవి. పిదప కథ వేగముగా నడచును. నెగొరొ మఠమునుండి త్సుద కెన్‌మొత్సు వచ్చి ఒక తుపాకిని కొనిపోయెను. సకాయి నగరపు వర్తకుఁడు తచిబనయ మతసబురొ దీవిలో ఒకటిరెండేండ్లుండి విద్య నేర్చి, ఊరికిఁ బోయి, తుపాకి మత యని పేరుపడెను. 1575లో నగషినో యుద్ధమున ఓద నోబునాగ పక్షమున వేయి తుపాకులుండెననువారును, మూఁడువేలనువారును గలరు. మరబిరడా తెలిసిన ముప్పదియొక్క యేండ్లకే ఇది.

ఇఁక కూఁతురి సంగతి. ‘తెప్పోకి’లో ఆమె పేరే లేదు. యాయితవారి వంశావళిలో నున్నది. కిన్బెయ్ కూఁతురు వకాస 1527లోఁ బుట్టెననియు, 1543లో ఓడలో వచ్చిన ఒక పరదేశి కీయఁబడి, వానితో వాని దేశమునకుఁ బోయెననియు, మఱుసటి యేఁడు ఓడతోఁ దిరిగివచ్చి తండ్రిని కలిసికొనెననియు, కొన్ని దినములకు ఆమె జబ్బుచేసి చనిపోయెనని పుకారు పుట్టించి శవపేటికను పూడ్చిరనియు, పరదేశి దానిని చూచియు కన్నీరు విడువలేదనియు అందు వ్రాసిరి. దీనిని బున్షి చెప్పిన బిరడాకథతో ముడివేసి లోకము చెప్పుకొనునది వేఱు: మర మర్మము చెప్పుటకు పరదేశి పిల్లను వెలగా నడిగెనని, తండ్రి తల్లడిల్లెనని, కూఁతురు తండ్రికొఱకును ప్రభువుకొఱకును తానే సమ్మతించెనని.

కన్యాశుల్క మను మాట మనవారికి వేఱుగ విప్పి చెప్పనక్కఱలేదు. పిల్లకు వెలకట్టి, ఆ వెలను ఇంటి యవసరమునకు వాడుకొనుటను మన యూళ్లు చూచినవి. రూపాయలకు బదులు ఇనుపమర వచ్చినంతమాత్రమున ఆ బేరము పూజ్యమగునా? అయినను కోపపడుటకు ముందు లెక్క చూడవలెను. వంశావళి ప్రకారము పిల్లను పుచ్చుకొన్నవాని పేరు మురషుకుష. ఇది 1543లో మొదటి యోడలో వచ్చినవారిలో నొకనికి బున్షి యిచ్చిన పేరే. అడుగు మూయు విద్య నేర్పినవాఁడు 1544లో వచ్చిన వేఱొక కమ్మరి. పిల్ల నొకఁడు పుచ్చుకొని విద్య మఱియొకఁడు నేర్పుట బేరమున కొప్పదు. పిల్ల పోయిన యేఁటికిఁ గాని విద్య రాలేదు. మురషుకుషకు మరమర్మము తెలిసియుండినచో 1543లోనే చెప్పియుండును, కమ్మరులు ఏఁడాది వేచియుండ నక్కఱలేదు. తెలియనివాఁడైనచో అమ్మునది యేమి? తుపాకి నమ్మువానికి దానిని చేయుట తెలియునను భ్రమవలన ఈ కథ పుట్టినదని నాకుఁ దోఁచుచున్నది. మరచెంబు నమ్మువాఁ డెవ్వఁడు మర కోయఁగలఁడు?

దీనివలన వకాస కథ యంతయు కల్ల యని నేననను. పెండ్లి జరిగియుండవచ్చును. వంశావళిని నమ్మినచో, ఆమె బేరమునకు లొంగి సమసిపోయినది కాదు. మఱుసటి యేఁడే తిరిగివచ్చి, తల్లిదండ్రుల తోడ్పాటుతో ఖాళీ పేటికను పూడ్పించి, ఆ పెండ్లినుండి బయటపడినది. త్యాగమూర్తియని పొగడు కథకులు ఈ చివరిభాగమును త్వరత్వరగా దాఁటిపోవుదురు. పిల్ల పోవుట వారికి రుచించినంతగా తిరిగివచ్చుట రుచింపదు గాబోలు.

మర యెట్లు తెలిసినదో చెప్పు కథ జపానులో నింకొకటి గలదు. బివా సరస్సుచెంతనున్న కునితొమో గ్రామము తుపాకిపనికి ప్రసిద్ధికెక్కినది. అచ్చటి కమ్మరులును మొదట అడుగు మూయుట తెలియక కలఁతపడిరఁట. జిరొసుకె యను పనివాఁడు అంచు విఱిగిన చిన్నకత్తితో ముల్లంగిని తొలుచుచుండఁగా, విఱిగిన చోటు ముల్లంగిపై చుట్లుచుట్లుగా గాడిపెట్టెను. అతఁడు ముల్లంగిని మఱల త్రిప్పి చూచెను, కత్తి లోపలికిఁ బోయెను. అంతటితో మర్మము తెలిసినదఁట. ఇదియు ఉత్తకథయే కావచ్చును. కాని కమ్మరి కొలిమియొద్దఁ గూర్చున్నవాఁడు చెప్పుకొనఁదగిన కథ యిది. మొదటిది కొలిమి చూడనివాఁడు చెప్పుకొన్న కథ.

జపానులో వత్తితుపాకికి చాలకాలము తనెగషిమా యనియే పేరు. ఆ దీవియందలి నిషినొఒమొతె పట్టణపు ప్రదర్శనశాలలో పాతతుపాకు లుంచఁబడినవి. కిన్బెయ్ చేసినదని చెప్పఁబడు తుపాకియు వానిలో నున్నది. వకాస పేర ఒక యుద్యానము గలదు. 1544లో కుమనో రేవున ఓడదిగి, బిరడాచుట్లను కిన్బెయ్ చేతఁ బట్టించిన పరదేశి కమ్మరి పేరును మాత్రము బున్షి వ్రాయలేదు.